నాది కాని ఓటు

నేను మందుల కంపెనీలో క్వాలిటీ విభాగంలో పనిచేస్తాను. ఒక బ్యాచ్ మందు తయారై బయటికి వెళ్ళాలంటే దాని వెంట వచ్చే కాగితాలన్నీ చదివి చివరి పేజీలో సంతకం పెట్టాలి. అదే నా ఉద్యోగం. చదవకుండా సంతకం పెట్టొద్దని కొత్తగా చేరినవాళ్ళకు చెప్పీ చెప్పీ నాకే విసుగు పుట్టేది. అలాంటివాణ్ణి ఒక శనివారం మధ్యాహ్నం ఇండియన్ కొట్టు బయట నిలబడి, ఒక చేతిలో కూరగాయల సంచీ పట్టుకుని, రెండో చేత్తో ఒక కాగితం మీద చదవకుండానే సంతకం పెట్టాను.

అప్పటికి మేము ప్లెయిన్స్‌బరో అనే ఊరు వదిలి ఈ రాష్ట్రానికి వచ్చి మూడేళ్ళయింది. నా భార్య ఇక్కడ చిన్నపిల్లల డేకేర్‌లో పనిచేసేది. మా ఒక్కగానొక్క కూతురు ఈ దేశంలోనే పుట్టింది, హైస్కూల్ చివరి ఏడాదిలో ఉంది. మా ఇద్దరికీ గ్రీన్‌కార్డు వచ్చి నాలుగేళ్ళు దాటింది. అంటే ఈ దేశంలో ఉండొచ్చు, పనిచేసుకోవచ్చు, కానీ ఇంకా పౌరులం కాదు.

ఆ రోజు కొట్టు బయట మడత బల్ల వేసుకుని ఇద్దరు ఆడవాళ్ళు ఓటర్ల పేర్లు నమోదు చేస్తున్నారు. నా భార్య లోపల బిల్లు లైన్లో ఉంది. వాళ్ళలో ఒకావిడ నన్ను నవ్వుతూ పలకరించి, ఈ కౌంటీలోనే, అంటే ఈ జిల్లాలోనే ఉంటారా అని అడిగింది. ఉంటానన్నాను. గ్రీన్‌కార్డ్ ఉంది, పర్మనెంట్ రెసిడెంట్‌ని అని కూడా చెప్పాను. ఆవిడ "పర్మనెంట్ అంటే ఇంకా మంచిది" అంది. ఇక్కడే స్థిరంగా ఉంటాననే అర్థంలో తీసుకుందో ఏమో. నా పేరు, చిరునామా, పుట్టిన తేదీ అడిగి తనే రాసి, కింద వేలు పెట్టి చూపించింది. సంతకం చేశాను. ఆవిడ చెడ్డది కాదు. నన్ను మోసం చేయాలనుకోలేదు. ఆ సంతకం మాత్రం నాదే.

మూడు వారాలకు పోస్టులో చిన్న కార్డు వచ్చింది. నా పేరు, ఓటు వేయాల్సిన చోటు, దాని మీద కౌంటీ ముద్ర.

ఆ కార్డు చూసి నాకు ఏమనిపించిందో ఇప్పుడు చెప్పడానికి కొంచెం సిగ్గుగా ఉంది. పద్దెనిమిదేళ్ళలో నా పేరు మీద ఈ దేశం నుంచి వచ్చిన ప్రతి కాగితానికీ ఒక గడువు తేదీ ఉండేది. వీసాకి, లైసెన్సుకి, పని చేసుకునే అనుమతికి, చివరికి గ్రీన్‌కార్డుకి కూడా. దీని మీద ఏ గడువూ లేదు. వెనక్కి తిప్పి చూశాను, అక్కడా లేదు. పర్సులో పెట్టుకున్నాను.

తెలియక చేశానంటే అది పూర్తి నిజం కాదు. ఒకటి రెండు సార్లు అనుమానం వచ్చింది. పౌరులు కానివాళ్ళకు ఓటేమిటి అని. కానీ అర్హత లేకపోతే కార్డెందుకు పంపుతారు అనుకున్నాను. ఫోన్లో వెతికితే రెండు నిమిషాల్లో తెలిసేది. వెతకలేదు. తెలుసుకోవాలని లేకపోయింది కాబట్టే వెతకలేదని ఇప్పుడు అనిపిస్తుంది.

ఆ వసంతంలో ప్రైమరీ ఎన్నిక వచ్చింది. నవంబరులో దేశమంతా అధ్యక్షుణ్ణి ఎన్నుకునే ముందు, ఒక్కో పార్టీ తన తరఫున ఎవరు నిలబడాలో తేల్చుకునే ఓటింగు అది. స్కూల్లో మా అమ్మాయికి ఆ విషయం మీద ప్రాజెక్టు ఇచ్చారు. పోలింగు చోటికి వెళ్ళి చూసి రాయాలి.

"నాన్నా, నీకు కార్డ్ వచ్చింది కదా. యు షుడ్ వోట్" అంది.

"నవంబర్లో చూద్దాంలే."

"నో, ప్రైమరీ ఈజ్ వేర్ ఇట్ స్టార్ట్స్. మా టీచర్ చెప్పింది. అందరూ నవంబర్ అంటారు, దీనికి ఎవరూ రారు. నువ్వు రా. నేను కూడా చూస్తా."

వెళ్ళాం. మా పోలింగు కేంద్రం ఫైర్ స్టేషన్. ఆ రోజు ఫైరింజన్లను బయట నిలిపి లోపల బల్లలు వేశారు. పెద్దగా ఎవరూ లేరు. బల్ల దగ్గర కూర్చున్న ముసలాయన పుస్తకంలో నా పేరు వెతికి, ఏ పార్టీ బ్యాలెట్ కావాలని అడిగాడు. అలా పైకి చెప్పాల్సి ఉంటుందని నాకు తెలియదు. అమ్మాయి వైపు చూశాను. తను ఏమీ చెప్పకూడదన్నట్టు పెదవులు బిగించి నవ్వింది. ఒక పార్టీ పేరు చెప్పాను. ఎవరు నిలబడాలో ఎంచుకోవడానికి నాకు ఓ కాగితం ఇచ్చారు. అందులో సగం పేర్లు నేనెప్పుడూ విననివే. అయినా పరీక్ష రాస్తున్నంత శ్రద్ధగా పేర్ల పక్కనున్న సున్నాలు నింపాను. బయటికి రాగానే అమ్మాయి నా చొక్కాకి ఓటు వేశానని రాసున్న స్టిక్కర్ అంటించి, ఫైరింజన్ పక్కన నిలబెట్టి ఫోటో తీసి, కుటుంబం గ్రూపులో పెట్టింది. తెనాలి నుంచి మా అక్క అడిగింది, "తమ్ముడూ, అక్కడ నీకు ఓటు కూడా వచ్చిందా" అని. వచ్చిందక్కా అని రాశాను.

రాబోయే ఎండాకాలం సెలవుల్లో మా గ్రీన్‌కార్డులకు ఐదేళ్ళు నిండబోతున్నాయి. దానికి మూడు నెలల ముందే పౌరసత్వానికి దరఖాస్తు పెట్టుకోవచ్చు. స్కూలు ఇంకా నడుస్తుండగానే ఒక ఆదివారం భోజనాలయ్యాక డైనింగ్ టేబుల్ మీద ల్యాప్‌టాప్ పెట్టుకుని ముగ్గురం కూర్చున్నాం. అమ్మాయి ఒక్కో ప్రశ్న చదువుతుంటే నేను జవాబు చెప్పాలి. ఆ ఫారంలో ఎన్ని ప్రశ్నలో. మీరెప్పుడైనా జైలు కాపలాదారుగా పనిచేశారా, సాయుధ ముఠాలో ఉన్నారా, ఎవరినైనా హింసించారా.

"అమ్మా, నాన్న ఎవర్నైనా టార్చర్ చేశాడా?"

"రోజూ చేస్తూనే ఉన్నారు, రాసుకో" అంది నా భార్య. నవ్వుకున్నాం.

తరువాతి ప్రశ్న కూడా అమ్మాయి అదే నవ్వుగొంతుతో చదవడం మొదలుపెట్టింది. ఈ దేశంలో ఏ ఎన్నికలోనైనా మీరు ఎప్పుడైనా ఓటరుగా నమోదు చేసుకున్నారా, లేదా ఓటు వేశారా? "యెస్, యెస్..." అని నొక్కబోయి ఆగింది. ప్రశ్న మళ్ళీ చదివింది, ఈసారి లోపల. ఆ తర్వాత వేరే విండో తెరిచి ఏదో వెతికింది. తన మొహం పాలిపోవడం నేను చూశాను.

"నాన్నా, యు హావ్ టు బి అ సిటిజన్" అంది. "ఓటు వేయడానికి. ఇట్స్ అ క్రైమ్. డిపోర్ట్ చేస్తారని ఉంది."

నా భార్య ల్యాప్‌టాప్ తన వైపు తిప్పుకుంది.

"నో అని పెట్టండి."

"వేశాను కదా."

"ఎవరు చూశారు? ఒక్కసారి, అదీ అసలు ఎన్నిక కూడా కాదు. పార్టీవాళ్ళ సంగతేదో. అంత చిన్నదానికి ఇన్నేళ్ళ బతుకు బూడిదలో పోసుకుంటామా? రేపు పిల్ల కాలేజీకి వెళ్ళాలి. మీరు లేకుండా ఇక్కడ నేనేం చేయాలి?"

తను అన్నదాంట్లో ఒక్క మాట కూడా తప్పు కాదు. తను స్వార్థపరురాలు కాదు, భయపడింది. నేనూ భయపడ్డాను. రేపు ఆలోచిద్దామని ల్యాప్‌టాప్ మూసేశాను. ఆ సాయంత్రమే తను మా బంధువులందరికీ ఫోన్ చేసి, ఆ ఫోటో తీసేయమని ఏదో సాకు చెప్పింది.

మర్నాడు అమ్మాయిని స్కూల్ దగ్గర దింపడానికి తీసుకెళ్తున్నాను. దారంతా కిటికీలోంచి చూస్తూ కూర్చుంది. స్కూల్ ముందు పిల్లల్ని దింపే లైన్లో కారు ఆగినప్పుడు "నా వల్లే కదా" అంది. వెంటనే కాదని చెప్పాల్సింది. ఆ క్షణంలో నా మనసు ఇంకెక్కడో ఉంది. వెనక కార్లు హారన్ కొట్టాయి. తను దిగి వెళ్ళిపోయింది. ఆ మాట చెప్పకపోవడం వల్ల మా ఇంట్లో ఎన్ని నెలలు ఎలా గడిచాయో తలచుకుంటే, ఓటు వేసిన తప్పు కంటే అదే పెద్దదిగా తోస్తుంది.

లాయర్ దగ్గరికి వెళ్ళాం. డెబ్బై దగ్గర పడిన అమెరికన్ ఆవిడ. నా మాట మొత్తం అడ్డు తగలకుండా విని, ఒక్కొక్కటిగా చెప్పింది. ఏ ఫోటోలూ తీసేయొద్దు, తీసేసిన విషయం కూడా నాకు చెప్పకుండా దాచొద్దు. ఓటర్ల జాబితాలోంచి పేరు తీసేయమని ఈ రోజే ఉత్తరం రాయండి. దేశం దాటి వెళ్ళొద్దు. వెళితే తిరిగి రానివ్వకపోవచ్చు. ప్రైమరీ కూడా చట్టం ముందు ఎన్నికే.

తరువాత అడిగింది, "ఆ నమోదు కాగితంలో మీరు పౌరులేనా అని ఒక గడి ఉంటుంది. అందులో అవునని టిక్ పెట్టారా?"

గుర్తు లేదన్నాను. నిజంగా గుర్తు లేదు. సంతకం చేసిన కాగితంలో అలాంటి గడి ఉన్న సంగతే నాకు తెలియదు.

"ఆ టిక్ ఉంటే పౌరుణ్ణని అబద్ధం చెప్పినట్టు. అప్పుడు నేను చేయగలిగింది దాదాపు ఏమీ ఉండదు. ముందు ఆ కాగితం నకలు తెప్పిద్దాం."

నకలు రావడానికి నెల పట్టింది. ఆ నెలంతా నేను ఆఫీసులో ప్రతి కాగితాన్నీ రెండుసార్లు చదివాను. ఇంట్లో ఎవరమూ ఎన్నికల మాట ఎత్తలేదు. టీవీలో ఆ ప్రకటనలు వస్తే నా భార్య చానల్ మార్చేసేది. బయట మా వీధిలో మాత్రం ఒక్కో ఇంటి ముందు పచ్చికలోనూ ఒక్కో అభ్యర్థి పేరున్న బోర్డు లేస్తూనే ఉంది.

లాయర్ ఫోన్ చేసి రమ్మంది. బల్ల మీద ఆ కాగితం పెట్టింది. పేరు, చిరునామా కొట్టు బయట బల్ల దగ్గరి ఆవిడ చేతిరాతలో ఉన్నాయి. కింద నా సంతకం. మధ్యలో ఆ ప్రశ్న. పక్కన రెండు గడులు, అవును, కాదు. రెండూ ఖాళీగా ఉన్నాయి. ఆవిడ టిక్ పెట్టలేదు, నేనూ పెట్టలేదు. ఖాళీగా ఉన్నదాన్ని తిప్పి పంపాల్సిన చోట ఎవరో ముద్ర వేసి లోపలికి పంపేశారు. నా భార్య కుర్చీలో వెనక్కి వాలి కొంగుతో మొహం కప్పుకుంది. నేను ఆ ఖాళీ గడుల వైపే చూస్తూ ఉండిపోయాను.

ఇప్పుడు రెండు దారులున్నాయని లాయర్ చెప్పింది. పౌరసత్వం ఊసెత్తకుండా గ్రీన్‌కార్డు మీదే బతికేయడం ఒకటి. నిజం రాసి దరఖాస్తు పెట్టుకోవడం రెండోది. పెట్టుకుంటే తిరస్కరిస్తారు, బహుశా వలస కోర్టుకు పంపుతారు. అక్కడ జడ్జి దయ తలిస్తే ఉంటారు, లేకపోతే లేదు. ఏం చేసినా ముందు మీ భార్య దరఖాస్తు పూర్తి కానివ్వండి అంది.

నా భార్య తన దరఖాస్తు పంపేసి, నా వరకు మొదటి దారే అంది. నేనూ అటే మొగ్గాను, ఒక సంగతి జరిగేవరకు.

సెప్టెంబరులో అమ్మాయికి పద్దెనిమిది నిండాయి. అప్పటికి వేరే ఊళ్ళో కాలేజీలో చేరింది, వారాంతాలకు వచ్చేది. ఓటరుగా నమోదు చేసుకున్నావా అని అడిగాను.

"నేను వోట్ చేయను."

"ఎందుకు?"

"ఐ డోంట్ వాంట్ ఇట్." అంతే. ప్లేటు సింకులో పెట్టి పైకి వెళ్ళిపోయింది.

పౌరశాస్త్రం క్లాసు గురించి భోజనం చల్లారిపోయేదాకా మాట్లాడిన పిల్ల. నేను దాచిపెట్టి బతికితే తను కూడా జీవితాంతం నాతోపాటు దాచిపెడుతూ బతకాలని అప్పుడు అర్థమైంది. మర్నాడు కౌంటీ ఆఫీసు నుంచి ఫారం తెచ్చి, తనను టేబుల్ దగ్గర కూర్చోబెట్టి, మొదటి అక్షరం నుంచీ పైకి చదివాను. పౌరులేనా అన్న గడి దగ్గర ఆగాను. తను చాలాసేపు పెన్ను పట్టుకుని కూర్చుంది. తరువాత టిక్ పెట్టింది.

నవంబరులో అదే ఫైర్ స్టేషన్‌కి తీసుకెళ్ళాను. ఈసారి లైను రోడ్డు దాకా ఉంది. నేను పార్కింగులో, కార్లోనే కూర్చున్నాను. గంటన్నర తరువాత వచ్చి పక్క సీట్లో కూర్చుంది.

"ఎవరికి వేశానో అడగవా?"

"అడగను."

కారు స్టార్ట్ చేయలేదు. స్కూల్ లైన్లో చెప్పాల్సిన మాట అప్పుడు చెప్పాను. "చూడమ్మా, కార్డు నీకు రాలేదు, నాకొచ్చింది. నాకు అనుమానం కూడా వచ్చింది. వెతికితే తెలిసేది, వెతకలేదు. నాకది కావాలనిపించింది. నువ్వు రమ్మనకపోయినా నవంబర్లో వచ్చి వేసేవాణ్ణే. ఇందులో నీ తప్పు లేదు."

"నువ్వు అప్పుడే ఎందుకు చెప్పలేదు?"

"తెలియలేదు. భయంలో ఉన్నాను."

స్టీరింగు మీదున్న నా చెయ్యి పట్టుకుని ఏడ్చింది. చిన్నప్పుడు ఏడ్చినట్టే, వెక్కుతూ. మా పక్కన ఎవరో కారు పెట్టి, మమ్మల్ని చూసి, చూడనట్టు వెళ్ళిపోయారు. ఇంటికి వెళ్ళాక నా భార్యకు చెప్పాను, నిజం రాసి పంపుతానని. తను వాదించలేదు. "నా పౌరసత్వ ప్రమాణం అయ్యాక పంపండి" అంది.

తను పౌరురాలైన రోజు నేనూ వెళ్ళాను. కుడిచెయ్యి ఎత్తి ప్రమాణం చేస్తున్నవాళ్ళ మధ్య పచ్చచీరలో నిలబడి, మధ్యలో ఒకసారి వెనక్కి తిరిగి నన్ను వెతుక్కుంది. ఆ వారమే నా దరఖాస్తు పంపాను.

ఇంటర్వ్యూలో ఆఫీసరు మర్యాదగానే మాట్లాడాడు. నేను చెప్పిందంతా రాయించి సంతకం తీసుకున్నాడు. ఆ వాంగ్మూలంలో ప్రతి వాక్యం చదివాకే సంతకం పెట్టాను. ఐదు నెలలకు తిరస్కరించినట్టు ఉత్తరం వచ్చింది. తరువాత కోర్టుకు రమ్మని నోటీసు. దేశం నుంచి ఎందుకు పంపించకూడదో చెప్పుకోవాలని అందులో ఉంది. వాయిదాలు పడుతూ రెండేళ్ళు గడిచాయి.

ఆ రెండేళ్ళలోనే మా అక్క పోయింది. నాకు డిగ్రీ సీటు రాని ఏడాది ఊరుకోకుండా బావను వెంటబెట్టుకుని కాలేజీ చుట్టూ తిరిగి చేర్పించింది తనే. కేసు తేలేదాకా దేశం దాటకూడదు కాబట్టి వెళ్ళలేకపోయాను. ఎందుకు రాలేదో మేనల్లుడికి చెబితే "సరే మామయ్యా" అన్నాడు. నమ్మాడో లేదో తెలియదు. ఓటేస్తే రాకూడదా అని తెనాలిలో ఎవరికి మాత్రం అర్థమవుతుంది?

చివరి విచారణకు ముగ్గురం వెళ్ళాం. ప్రభుత్వ లాయరు ఓటు వేసిన రోజు సంగతి అడిగాడు. చెప్పాను. తరువాత మా అమ్మాయిని పిలిచారు. నేను వద్దన్నా వినలేదు. కుర్చీలో నిటారుగా కూర్చుని, "నేనే వేయమన్నాను. అప్పుడు నాకు పదిహేడేళ్ళు. మా టీచరు చెప్పింది వచ్చి నాన్నకు చెప్పాను. ఆయన నా మాట విన్నాడు. కానీ అది నా తప్పని ఆయన ఒక్కసారి కూడా అనలేదు" అంది. నా భార్య నేల వైపు చూస్తూ ఉండిపోయింది.

జడ్జి నన్నే నేరుగా అడిగాడు, ఎందుకు వేశారు అని.

మా లాయరు నేర్పిన జవాబు ఒకటి ఉంది. అది నోటికి రాలేదు. "నన్ను పిలిచారనుకున్నాను సార్" అన్నాను.

ఆయన కాగితాలు తిరగేశాడు. ఇన్నేళ్ళ ఉద్యోగం, పన్నులు, ఇంకే తప్పూ లేకపోవడం, నా అంతట నేనే బయటపెట్టడం, అన్నీ రికార్డు కోసం ఒక్కొక్కటే చదివాడు. చేసింది చిన్న తప్పు కాదని, ఓటు హక్కు ఈ దేశంలో చాలామంది దెబ్బలు తిని సంపాదించుకున్నదని గట్టిగానే అన్నాడు. తరువాత, నన్ను ఉండనిస్తున్నానన్నాడు. ప్రభుత్వ లాయరు అప్పీలు చేయబోమని చెప్పాడు. మొత్తం రెండు గంటలు కూడా పట్టలేదు.

కారు నా భార్యే నడిపింది. ఊరు దాటాక అద్దంలో వెనక్కి చూసి, అమ్మాయి నిద్రపోతోందని నిర్ధారించుకుని మెల్లగా అంది.

"జడ్జి వద్దనుంటే నేను మిమ్మల్ని జన్మలో క్షమించేదాన్ని కాదు."

"తెలుసు."

"తెలిసే పంపారా?"

"తెలిసే పంపాను."

తను తలూపింది. కోపం పోయిందని కాదు. అది ఇప్పటికీ పూర్తిగా పోలేదు, పోవాలని నేను అడగను కూడా. దారిలో ఆగి అందరం ఏదో తిన్నాం. అమ్మాయికి సోమవారం పరీక్ష ఉంది, తనను హాస్టల్ దగ్గర దింపాం. ఆ మరుసటి నెలలో నేను తెనాలి వెళ్ళి, అక్క ఫోటో ముందు కూర్చుని, బావతో, మేనల్లుడితో జరిగిందంతా మొదటి నుంచీ చెప్పాను. బావ అంతా విని, ప్రయాణంలో అలసిపోయి ఉంటావు, స్నానం చేసి రా అన్నాడు.

మళ్ళీ దరఖాస్తు పెట్టుకోవడానికి ఇంకా కొన్నేళ్ళు ఆగడం మంచిదని లాయరు చెప్పింది. ఆగుతున్నాను. మా ఇంట్లో ఇప్పుడు ఇద్దరు ఓటర్లు. ఈ మధ్య ప్రైమరీ రోజున నా భార్య డేకేర్ నుంచి అటే వెళ్ళి ఓటు వేసి వచ్చింది. లైను లేదని, త్వరగా అయిపోయిందని చెప్పి, వంటింట్లోకి వెళ్ళి కుక్కర్ పెట్టింది. నేను ఉల్లిపాయలు తరిగాను.